సాగింది గొలుసా, భూమా?

భూమి గుండ్రంగా ఉంటుందని నాకు బాగా తెలుసనడానికి సర్టిఫికెట్ ఉంది. బి.ఏ.లో జాగ్రఫీ, ప్రాక్టికల్స్‌లో ఫస్ట్ క్లాసు. గుండ్రటి భూమిని చదును కాగితం మీదకి దించే పద్ధతులు ఎన్నున్నాయో అన్నీ నల్ల ఇంకుతో, చేయి వణక్కుండా గీసి, రికార్డు బుక్కులో అంటించి, మేడమ్ చేత శభాష్ అనిపించుకున్నదాన్ని. అంత చదువూ చదివి, పావగడ తాలూకాలో గొర్రెలు మేపుకునే ఒక ఆడమనిషి బోరుబావిని ఆరడుగుల తేడాతో కంచె లోపల పడేశాను. చదువు లేనివాళ్ళు ఆ తప్పు చెయ్యలేరు. దానికి కంప్యూటరు కావాలి, డిగ్రీ కావాలి, నాలాంటి నోరు కూడా కావాలి.

మ్యాపుల పని నేర్చుకుంటున్న పిల్లలు ఈమధ్య నా దగ్గరకి వచ్చి "మేడమ్, మీ అనుభవాలు చెప్పండి" అంటుంటారు. గొప్పలు వినాలని వస్తారు పాపం. నేను ఆ పని మానేసి కొన్నేళ్ళైంది. గొప్పలు ఒకటో రెండో ఉన్నా వాటి వల్ల మీకు ఒరిగేదేమీ లేదు. ఇది వినండి.

కర్ణాటక అంచున ఉన్న మా పావగడలో సోలార్ పార్కు కడుతున్న రోజులవి. రైతులు భూములు అమ్మలేదు, లీజుకు ఇచ్చారు. చాలామంది ఉన్నదంతా ఇవ్వలేదు కూడా. బోరు ఉన్న తునకో, గొర్రెల దొడ్డి ఉన్న తునకో, ఎకరమో రెండెకరాలో తమకని ఉంచుకున్నారు. ఏ చేను ఎంతవరకు పార్కులోకి పోతుంది, కంచె సరిగ్గా ఎక్కడ పడుతుంది అని మ్యాపు గీసిచ్చే పని ఒక ప్రైవేటు కంపెనీ తీసుకుంది. ఆ కంపెనీలో మ్యాపు గీసేది నేను. మాది ఆ పక్క ఊరే, ఇంట్లో తెలుగు, బడిలో కన్నడ, కోపం వస్తే రెండూ.

ఆఫీసంటే పావగడ బస్టాండు వెనక మేడ మీద ఒక గది. కింద ఎరువుల అంగడి. మా టీ కూడా యూరియా వాసన వచ్చేది. గదిలో ముగ్గురం ముఖ్యం. ఒకడు మా టీమ్ లీడరు, బెంగళూరు అబ్బాయి, నాకంటే పదేళ్ళు చిన్న, ఏది చెప్పినా "ఫైన్ మేడమ్" అనేవాడు. రెండోది నేను. మూడో ఆయన సర్వేయరు. ప్రభుత్వ ఉద్యోగంలో రిటైరైన పెద్దమనిషి. చేతిలో గొడుగు, చంకలో మైనపు గుడ్డ అట్ట వేసిన నోటుబుక్కు. పాత కాలం సర్వేయర్లు కన్నడంలో రాసిపెట్టిన చేను చిత్తు పటాలు ఉంటాయి, టిప్పణి అంటారు. ఏ గట్టు ఎన్ని గొలుసులు, ఏ రాయి ఎక్కడ అని అందులో ఉంటుంది. ఆ రాతలు మాలో ఆయన ఒక్కడే చదవగలడు. అందుకని పెట్టుకున్నారు.

గొలుసంటే మెడలోది కాదు. ముప్పైమూడు అడుగుల ఇనుప గొలుసు. మన పక్క భూమి అంతా దానితో కొలిచిందే. గొలుసు పొడవూ గొలుసు వెడల్పూ అయితే ఒక గుంట. నలభై గుంటలు ఎకరం. గొలుసును ఇద్దరు మనుషులు చెరొక కొస పట్టుకుని ముళ్ళల్లో, రాళ్ళల్లో లాక్కుంటూ పోయి కొలిచారు ఈ తాలూకా మొత్తాన్ని.

నేను నడవలేదు. ఉపగ్రహం ఫోటో తెర మీద పెట్టుకుని, గట్ల వెంబడి మౌసుతో గీసుకుంటూ పోయాను. గీత పూర్తయ్యేసరికి ఎన్ని ఎకరాలో కంప్యూటరే చెప్పేస్తుంది. మొదటి ఊరు అయ్యేసరికి ఒక సంగతి తేలింది. పహణిలో, అంటే తాలూకా ఆఫీసు భూమి లెక్కల్లో, ఐదెకరాలని ఉన్న చేను నా తెర మీద ఐదెకరాల పన్నెండు గుంటలు వస్తోంది. ఎకరం చేను ఎకరా రెండున్నర గుంటలు. ఒకటీ అరా అటూ ఇటూ తప్ప, ప్రతి చేనూ ఎక్కువే.

నాకు సంబరం. ఏదో పట్టుకున్నాననే సంబరం ఉంటుంది చూడండి, అది తప్పు పట్టుకున్నప్పుడు ఇంకా ఎక్కువ.

"సార్, మీవాళ్ళ గొలుసు సాగింది" అన్నాను సర్వేయరుతో.

ఆయన టీ గ్లాసు కింద పెట్టాడు. "ఏంది?"

"గొలుసు సార్. లింకులు అరిగి అరిగి పొడుగైపోయింది. పొడుగు గొలుసుతో కొలిస్తే లెక్క తక్కువ వస్తాది కదా. అందుకే పహణిలో అన్నీ తక్కువ పడినాయి. భూమి ఎక్కువే ఉండాది."

"ఎంత తేడా వస్తాండాది?"

"ఎకరాకు రెండున్నర గుంటలు."

ఆయన వేళ్ళ మీద ఏదో లెక్క వేశాడు. "అట్లయితే ముప్పైమూడు అడుగుల గొలుసు ఒక అడుగు సాగుండాల. అడుగు సాగితే దాన్ని గొలుసు అనరమ్మా, రబ్బరు అంటారు."

టీమ్ లీడరు నవ్వాడు. నాకు ఒళ్ళు మండింది.

"సరే, సాగిందే అనుకో" అన్నాడాయన, కోపం లేకుండా. "బలసముద్రంలో కొలిచినోడు వేరే. రాయచెర్లులో కొలిచినోడు వేరే. నేను పుట్టకముందు సంగతి. ఇద్దరి గొలుసులూ మాట్లాడుకోని ఒగే లెక్కన సాగినాయా? మనిషి తప్పు చేస్తే ఒకతూరి ఎక్కువ, ఒకతూరి తక్కువ వస్తాది తల్లీ. అన్నీ ఒగే పక్కకు, ఒగే కొలతలో పోతాండాయంటే, ఆ తప్పు మనిషిది కాదు. యంత్రానిది."

ఈ మాట ఇప్పుడు రాస్తుంటే నాకు సిగ్గేస్తోంది. నా ముప్పావు చదువు ఆ ఒక్క మాటలో ఉంది. ఆ పెద్దాయన పళ్ళెంలో పెట్టి ఇస్తే నేను తోసేశాను. ఆ లెక్క కూర్చుని వేసుకోవడానికి నాకు తీరిక లేదు. వాదించడానికి మాత్రం బోలెడంత ఉంది.

పైగా నా దగ్గర సాక్ష్యం ఉంది. మేము జీపీఎస్ పట్టుకుని పొలాలకి పోయినప్పుడు, నా మ్యాపులో మూలరాయి ఎక్కడుందో నేల మీద కూడా సరిగ్గా అక్కడే ఉండేది. జానెడు తేడా రాలేదు. ఇరవై రాళ్ళు చూశాం, ఇరవై సరిపోయాయి. ఎక్కడుందో ఇంత నిజంగా చెప్పే మ్యాపు, ఎంతుందో అబద్ధం చెబుతుందా అన్నాను నేను. అది ప్రశ్న కూడా కాదు, గద్దింపు. మ్యాపు చోటును నిజంగా చెబుతూనే విస్తీర్ణాన్ని అబద్ధం చెప్పగలదని డిగ్రీలో మూడు నెలలు చదివినదాన్నే నేను. అదంతా ధ్రువాల దగ్గర మంచు దేశాల గొడవ, భూమధ్యరేఖకు ఇంత దగ్గరున్న పావగడకేం సంబంధం అనుకున్నాను. అనుకున్నాను అనడం కూడా ఎక్కువే. ఆలోచన రాలేదు.

వాదన వారం రోజులు నడిచింది. చివరికొక రోజు, గదిలో అందరూ ఉండగా, ఒక మాట అన్నాను.

"ఎండకు తట్టుకోలేక చెట్టు నీడ ఎంతవరకు ఉంటే అంతవరకే గొలుసు లాగినారేమో సార్ మీవాళ్ళు. మిగతాది అందాజుగా రాసుకున్నారేమో."

ఆయన నోటుబుక్కు మూశాడు. గొడుగు తీసుకున్నాడు. మరుసటి రోజు నుంచి రాలేదు. ఒంట్లో బాగాలేదని ఫోను చేయించాడట. చదవాల్సిన పటాలు ఎలాగూ అయిపోవస్తున్నాయి కాబట్టి ఎవరూ పట్టించుకోలేదు. నేను గెలిచాననుకున్నాను.

ఆ గెలుపు మీదే రిపోర్టు రాశాను. పాత గొలుసు కొలతలు నమ్మదగినవి కావు, రైతులు ఉంచుకున్న తునకలను కూడా కంప్యూటరు కొలత ప్రకారమే విడదీయాలి అని. కింద సంతకం పెట్టాను. "ఫైన్ మేడమ్" అన్నాడు లీడరు.

రాయచెర్లు పక్క ఒకామె ఉండేది. అరవై దగ్గర పడుతుంది వయసు. మొగుడు పోయాడు. నలభై గొర్రెలు, పన్నెండెకరాలు. పది పార్కుకు ఇచ్చి రెండు ఉంచుకుంది. ఆ రెండింటి చివర బోరు, బోరు పక్కన గొర్రెలు తాగే సిమెంటు తొట్టి. మొగుడూ మరిదీ భాగాలు పంచుకున్నప్పుడు ఎవరో సర్వేయరు వచ్చి కొలిచిపోయాడట. ఆ కొలత ఆమెకు పాటలా నోటికొచ్చు.

"దోవ పొడుగునా ఎనిమిది గొలుసులు. లోపలికి పది గొలుసులు. పదో గొలుసు అయిపోయే ముందర నా బోరు. అది నా పక్కే వస్తాది కదా మేడమా?"

"వస్తాదక్కా. నీ రెండెకరాలు నీకు కంప్యూటరే కొలిచి ఇస్తాది. అంగుళం తేడా రాదు."

"నా బోరు అందులో కనపడతాదా?"

"అంత చిన్నవి కనపడవు."

"అట్లయితే ఒక చుక్క పెట్టు."

"అవసరం లేదక్కా."

ఒక్క చుక్క. పెట్టి ఉంటే గీత దాని అవతల పడాల్సింది ఇవతల పడిందని ఆ రోజే తెరమీద కనిపించేది. ఆమె అడిగింది, నేను అవసరం లేదన్నాను. నా ఉద్యోగంలో నేను చేసిన తప్పులన్నీ జాబితా రాస్తే, మొదటి వరస ఈ రెండు మాటలదే.

కొన్ని వారాలకు ఒక పొద్దున కంచె మేస్త్రి ఫోన్ చేశాడు.

"మేడమ్, ఈడ ఒక ముసలామె గుంతలో కాళ్ళు పెట్టుకోని కూర్చునుండాది. లేయమంటే లేయదు. మధ్యాహ్నానికి కాంక్రీటు బండి వస్తాది. స్తంభాలు నిలబెట్టాల. మీరు రాకపోతే నేను పోలీసులకు చెప్పాల్సొస్తాది."

షేర్ ఆటోలో పోయాను. నిజంగానే కూర్చుని ఉంది. కంచె స్తంభానికి తవ్విన గుంతలోకి కాళ్ళు వేలాడేసుకుని, తల మీద కొంగు కప్పుకుని, పక్కన టిఫిను డబ్బా పెట్టుకుని. గుంతకు అవతల ఆరడుగుల దూరంలో బోరు. తొట్టి చుట్టూ గొర్రెలు.

"రా మేడమా, కూర్చో. నీ గుంతే" అంది. "రేపు కంచె ఏస్తే బోరు ఆ పక్క, నేను ఈ పక్క. నా గొర్రెలు ఏం చెయ్యాల, కంచెను నాకాలనా?"

"అక్కా, నీకు రావాల్సిన రెండెకరాలు సరిగ్గా వచ్చినాయి. నీ పాత కొలతలోనే..."

"కొలువు."

"ఏంది?"

"సంచిలో టేపు పెట్టుకోనుండావు కదా. తీసి కొలువు. ఇంకెంతసేపు నోటితో కొలుస్తావు?"

మేస్త్రి పక్కకు తిరిగి నవ్వుకున్నాడు. నాకు కోపం. ఆ కోపంతోనే టేపు తీశాను. ఆ నెలలోనే కొన్న ఉక్కు టేపు, ఇంకా ఒక్క గీటు కూడా పడలేదు. ఈమె నోరు మూయించి పోదామని మేస్త్రికి ఒక కొస ఇచ్చాను. దోవ పక్కన ఈ మూలరాయి నుంచి ఆ మూలరాయి దాకా పట్టాం.

నా మ్యాపు ప్రకారం అది రెండువందల డెబ్బైరెండు అడుగులు. టేపు రెండువందల అరవైనాలుగు అంది.

మళ్ళీ పట్టాం. అరవైనాలుగే. మూడోసారి నేనే కొస పట్టుకుని, బిగించి లాగి చూశాను. రెండువందల అరవైనాలుగు. ఎనిమిది ముప్పైమూళ్ళు ఎంతో మీరే లెక్క వేసుకోండి.

దోవ నుంచి లోపలికి, గుంత దాకా కొలిచాం. నా మ్యాపులో మూడువందల ఇరవై. టేపులో మూడువందల పది, పైన ఇంకొంచెం. ఆమె పది గొలుసులంటే మూడువందల ముప్పై కావాలి. గుంత దాదాపు ఇరవై అడుగులు ముందే పడింది. ఆ ఇరవై అడుగుల్లోనే బోరు ఉంది.

పాత గొలుసు అడుగు కాదు కదా, బెత్తెడు కూడా సాగలేదు. సాగింది నా దగ్గరుంది.

నేను అక్కడే మట్టి మీద కూర్చున్నాను. ఆమె నా ముఖం చూసి ఏమనుకుందో, టిఫిను డబ్బా తెరిచింది. రాగి ముద్ద, శెనక్కాయ ఊరిబిండి, అంటే రోటి పచ్చడి.

"తిను ముందు. ముఖం పాలిపోయింది" అంది. ముద్దను రెండు చేసి, నా భాగాన్ని మళ్ళీ గుండ్రంగా చేసి, డబ్బా మూతలో పెట్టి అరచేత్తో ఒత్తింది, ఊరిబిండి వేయడానికి చోటు కావాలని. ముద్ద చదునైంది. అంచుల చుట్టూ పగిలింది.

నేను ఆ పగుళ్ళ వైపు చూస్తూ ఉండిపోయాను. గుండ్రటిది చదును కావాలంటే పగలాలి. పగుళ్ళు కనపడకూడదంటే అంచుల దగ్గర పిండి సాగదీసి పూడ్చాలి. ఇవి నా రికార్డు బుక్కులో నల్ల ఇంకుతో ఉన్న మాటలే. ఇంతకాలం పుస్తకంలోనే ఉండిపోయాయి.

తలెత్తితే దూరంగా, అప్పటికే పూర్తయిన బ్లాకులో సోలార్ పలకలు వరసలు వరసలుగా దక్షిణం వైపు వాలి ఉన్నాయి. ఎంత వాల్చాలో లెక్క ఉంటుంది. మన పక్క సుమారు పధ్నాలుగు డిగ్రీలు. ఎందుకంటే మనం భూమధ్యరేఖకు పైన పధ్నాలుగు డిగ్రీల దగ్గర, గుండ్రటి భూమి వంపు మీద ఉన్నాం. ఆ ఎడారిలాంటి నేల మీద నిలబెట్టిన ప్రతి పలకా భూమి గుండ్రమని నమ్మి తల వంచింది. నా మ్యాపు ఒక్కటే నమ్మలేదు.

ఫోన్ తీసి లెక్క వేశాను. మీకోసం తేలికగా చెబుతాను. భూమి నడుం చుట్టూ ఒక దారం, పధ్నాలుగు డిగ్రీల దగ్గర చుట్టూ ఇంకో దారం కట్టామనుకోండి. రెండో దారం పొట్టిగా ఉంటుంది, వందకు మూడు తక్కువ. కానీ మీ ఫోనులోని ప్రపంచపటం లాంటి వాటిలో రెండు దారాలూ ఒకే పొడవుగా గీస్తారు. అంటే మన పక్క నేలను అడ్డంగా వందకు మూడు సాగదీశారు. అడ్డంగా మాత్రమే సాగితే చేను ఆకారం చెడుతుంది కదా, అందుకని నిలువునా అంతే సాగదీస్తారు. ఆకారం చెక్కుచెదరదు. కాబట్టే చూసేవాడికి అనుమానం రాదు. అడ్డం మూడు, నిలువు మూడు, విస్తీర్ణంలో ఆరు. ఎకరాకు రెండున్నర గుంటలు. నా ఉపగ్రహం ఫోటో వచ్చింది ఆ రకం పటం మీద. దాన్ని స్థానిక కొలతల పటంలోకి మార్చుకుని ఆ తర్వాత ఎకరాలు కొలవాలి. మార్చలేదు. అంతే. ఒక్క నొక్కు నొక్కాల్సింది నొక్కలేదు.

ఆమె రెండెకరాలను సాగిన తెర మీద కొలిచి ఇచ్చాను. నేల మీదకి వచ్చేసరికి అవి డెబ్బైఐదు గుంటలే అయ్యాయి.

"తెలిసినాదా?" అంది ఆమె.

"తెలిసినాదక్కా. భూమి గుండ్రంగా ఉంటాది. దాన్ని కాగితం మీద చదును చేస్తే..." అంటూ ముద్ద చూపించి మొదలుపెట్టాను.

పూర్తిగా విన్నది. విని, "గుండ్రంగా ఉండేది నీ భూమి. నాది ఈడ చదునుగానే ఉండాది. ఇరవై అడుగులు ఎనక్కి పో" అంది.

లీడరుకు ఫోన్ చేశాను. కాంక్రీటు బండి ఆపమన్నాను. కారణం చెప్పాను.

"మేడమ్, ఆ ఒక్క కంచె జరపండి. ఫైన్. బోరు సమస్య అని రాద్దాం. రిపోర్టు ఎందుకు ముట్టుకోవడం? సంతకం మీది. పోయేది మీ పేరే."

తప్పు చెప్పలేదు ఆ అబ్బాయి. నా మంచికే చెప్పాడు. నలభైఐదేళ్ళ ఆడదాన్ని, ఆ గదిలో అందరితోనూ గొడవపడి నిలబడ్డదాన్ని, నా తప్పు నా చేత్తో రాసిచ్చి రేపు ఏ ముఖం పెట్టుకుని ఎవరితో వాదించాలి? ఒక్క కంచె జరిపితే ఈమె సమస్య తీరుతుంది. సరే అనబోయాను. నిజం చెబుతున్నాను, నోటి దాకా వచ్చింది.

ఫోనులో మాటలు ఆమెకు వినపడుతూనే ఉన్నాయి. చెయ్యి గుడ్డకు తుడుచుకుంటూ అంది, "ఆ పక్క చేను మా మరిదిది. వాడూ ఎకరా ఉంచుకున్న్యాడు. వాడి దాంట్లో బోరు లేదు, అందుకని వాడు గుంతలో కూర్చోలేదు. వాడి నేల పోయినా వాడికి తెలీదు. నీకు తెలుసు."

ఇంకేం మాట్లాడతాం? మేస్త్రితో గుంతలన్నీ ఆపించాను. బండివాడు వచ్చి తిట్టాడు, నేనూ తిట్టాను. ఆ విద్య నాకు ఎటూ ఉంది. మధ్యాహ్నం పావగడ వచ్చి, ఎవరి సలహా అడక్కుండా కాగితం రాశాను. నా రిపోర్టు తప్పు, పాత గొలుసు కొలతలు సరైనవి, తెర మీద తీసిన ప్రతి విస్తీర్ణమూ ఆరు శాతం ఎక్కువ, అన్ని తునకలూ మళ్ళీ గీయాలి. లీడరు చదివి ఈసారి ఫైన్ అనలేదు. కానీ పైకి పంపాడు, నేనొప్పుకోవాలి.

రాయచెర్లులో గుంతలన్నీ పూడ్చి మళ్ళీ తవ్వారు. ఆమె బోరు కంచెకు పదమూడు అడుగుల ఇవతల పడింది. మరిదికి రావాల్సిన రెండున్నర గుంటలూ వచ్చాయి. వాడికి అవి పోయాయనీ తెలీదు, వచ్చాయనీ తెలీదు. అయితే కథ పూర్తిగా సుఖంగా ముగిసిందని రాస్తే అది ఇంకో సాగిన మ్యాపు అవుతుంది. అంతకు ముందే కాంక్రీటు పోసి స్తంభాలు నిలబెట్టేసిన చోట్లు ఉన్నాయి. వాటి గురించి "చూద్దాం" అన్నారు. నేను మూడుసార్లు రాశాను. మూడుసార్లూ చూద్దామనే అన్నారు. కొన్ని సరిచేశారు, కొన్ని అలాగే ఉన్నాయి. ఆ దోవన బస్సులో పోతే కంచె వైపు చూడను. మరుసటి ఏడు నా కాంట్రాక్టు పొడిగించలేదు. కారణం నా తప్పో, నా కాగితమో, నా నోరో నాకిప్పటికీ తెలీదు.

ఇదంతా అయ్యాక ఒక ఆదివారం పొద్దున సర్వేయరు ఇంటికి పోయాను. ఆయన అరుగు మీద కూర్చుని శెనక్కాయలు ఒలుస్తున్నాడు. ఒంట్లో బాగానే ఉన్నట్టున్నాడు. నన్ను చూసి ఆశ్చర్యపోలేదు, కూర్చోమనీ అనలేదు.

"సార్, తప్పు నాది. గొలుసుది కాదు" అన్నాను. నాకు క్షమాపణలు చెప్పే అలవాటు లేదు. దానికంటే పొడుగ్గా రాలేదు.

"చెప్పినారు. మేస్త్రి మా పక్కూరోడే" అన్నాడు.

"చెట్టు నీడ మాట..."

"అది నాకు బాగా తగిలింది" అన్నాడు. కాసేపు కాయలు ఒలిచాడు. తర్వాత లేచి లోపలికి పోయి, మంచం కింద నుంచి బరువుగా ఏదో ఈడ్చుకొచ్చాడు. గోనెసంచిలో చుట్టిన గొలుసు. లింకులు చేతుల రాపిడికి నల్లగా, నున్నగా ఉన్నాయి. ఆఫీసులో లెక్కలోంచి తీసేసి పారేస్తుంటే అడిగి తెచ్చుకున్నాడట.

"టేపు ఉందా?"

ఉంది. వాకిట్లో గొలుసు పరిచాడు. పక్కన నా ఉక్కు టేపు పరిచాను. ఒక కొస ఆయన తొక్కిపట్టాడు, రెండో కొస దగ్గర నేను వంగి చూశాను. మళ్ళీ చూశాను.

"సార్" అన్నాను, నవ్వు ఆపుకోలేక, "ఇది సాగింది. అర అంగుళం."

"సాగకుండా ఉంటాదా, ఇనుమే కదా" అన్నాడాయన, మొదటిసారి నవ్వుతూ. ఆ మైనపు గుడ్డ నోటుబుక్కు తెచ్చి నా ముందు తెరిచాడు. ఒక్కో సంవత్సరానికి ఒక్కో వరస. పని మొదలుపెట్టే ముందు తాలూకా ఆఫీసు ఆవరణలో కొలత కోసం పాతిన రెండు రాళ్ళ మధ్య గొలుసు పరచి చూసుకునేవారట. ఎంత సాగితే అంత రాసుకునేవారట. పావు అంగుళం. పావు. అర. మధ్యలో ఒక లింకు తీసి కొత్తది వేసిన సంవత్సరం, సున్న. ప్రతి కొలతలోనూ దాన్ని సరిచేసుకునేవారు.

"నా గొలుసు అబద్ధం చెప్తాది తల్లీ" అన్నాడు. "ఎంత చెప్తాదో ఈడ రాసిపెట్టుకున్న్యాను. నీ మ్యాపు ఎంత చెప్తాదో నువ్వు యాడ రాసినావు?"

"యాడా రాయలేదు సార్."

ఆయన నోటుబుక్కు నా వైపు తిప్పి, చెవి మీద పెట్టుకున్న పెన్సిలు తీసి ఇచ్చాడు. ఆయన పావు అంగుళాలూ అర అంగుళాలూ ఉన్న వరసల కింద, చివరి గడిలో, నా ఇరవై అడుగులు రాశాను.